హై కమిషనులో అపాయింట్‌మెంటు: మన పేర్లు, మన కాగితములు

ఈ సంచికలో పండుగ విశేషములకు బదులు కాగితముల సంగతి వ్రాయుచున్నందుకు పాఠకులు మన్నింతురు గాక. నేను ఆరవ స్టాండర్డు దాటి చదివినవాడను కాను. నాకు తెలిసినది పూజావిధానము, పంచాంగము, రామభజనము. అయినను గత రెండు మూడు సంవత్సరములుగా శనివారపు భజన ముగిసిన పిదప జనులు నన్ను చుట్టుకొని అడుగుచున్నది పెండ్లి ముహూర్తము కాదు. "అయ్యగారూ, హై కమిషనులో మాకు అపాయింట్‌మెంటు ఎప్పుడు దొరుకుతుంది?" అని అడుగుచున్నారు. పూర్వము దినమును, ఘడియను మేము నిర్ణయించెడివారము. నేడు కంప్యూటరు నిర్ణయించుచున్నది. దానికి రాహుకాలము లేదు, వర్జ్యము లేదు. మనము ఆలస్యము చేసినచో మన గంట మరియొకరికి పోవును, అంతియే.

మొదట ఒక చిన్న సందేహమును తీర్చెదను. పలువురు "ఎంబసీ" అనుచున్నారు. మన పోర్ట్ లూయిస్ నగరములో భారతదేశమునకు ఉన్నది ఎంబసీ కాదు, హై కమిషను. కామన్వెల్తు దేశములు ఒకదానికొకటి పంపుకొను రాయబారిని హై కమిషనరు అందురు. మన ద్వీపము 1968 మార్చి 12వ తేదీన స్వాతంత్ర్యము పొంది, 1992 మార్చి 12వ తేదీన రిపబ్లికు అయినను కామన్వెల్తులోనే ఉన్నది గనుక ఆ పేరు నిలిచినది. అమెరికా వారిది, ఫ్రాన్సు వారిది ఎంబసీలు. ఈ భేదము వట్టి మాటల భేదమని తలంపకుడు. "ఇండియన్ ఎంబసీ" అని ఇంటర్నెట్టులో వెదకి, ఎవరో దళారి పెట్టిన పేజీలో పడి, ఊరక రాదగిన దానికి డబ్బు కట్టినవారు మన కాంపులోనే ఇద్దరున్నారు.

ఇక ఏ పనికి అచ్చటికి పోవలెను, ఏ పనికి పోనక్కరలేదు అనునది తెలిసికొందము. తీర్థయాత్రకో, బంధుదర్శనమునకో కొలది దినములు పోవువారికి ఈ-వీసా అనునది కలదు. భారత ప్రభుత్వము దీనిని 2014 నవంబరులో ప్రారంభించినది. ఇంటనే ఫారము నింపి, ఫొటోను, పాస్‌పోర్టు మొదటి పుటను ఎక్కించినచో అనుమతి ఈ-మెయిలు ద్వారా వచ్చును. మారిషస్ పాస్‌పోర్టు గలవారికి టూరిస్టు ఈ-వీసాకు రుసుము లేదు. ప్రయాణమునకు కనీసము నాలుగు దినములు ముందుగా దరఖాస్తు చేయవలెను. పాస్‌పోర్టుకు ఆరు నెలల గడువు మిగిలియుండవలెను, ముద్ర వేయుటకు రెండు ఖాళీ పుటలుండవలెను. ఆ అనుమతి పత్రమును అచ్చు తీసి చేత పట్టుకొని పోవలెను. ఫోనులో ఉన్నది చాలునని పోయి, విమానాశ్రయములో ఫోను చచ్చిపోగా బిక్కమొగము వేసిన పెద్దమనిషి కథ చెప్పను. ఆయన మన సంఘములోనివాడే.

ఉద్యోగమునకు, దీర్ఘకాలము నిలుచుటకు కావలసిన వీసాలు వేరు. ఓ.సి.ఐ. కార్డు వేరు. వీనికి ఫారము ఇంటర్నెట్టులో నింపినను, అసలు కాగితములు మనుష్యునికి చూపవలెను. అచ్చటనే అపాయింట్‌మెంటు వచ్చును. కొన్ని దేశములలో హై కమిషనువారే చూతురు, కొన్నింట వారు నియమించిన ప్రతినిధి సంస్థ చూచును. దినములును గంటలును మారుచుండును గనుక ఇరుగుపొరుగు మాట నమ్మక, పోవుటకు ముందు కార్యాలయము వారి ప్రకటననే చూడవలెను.

ఓ.సి.ఐ. అనగా విదేశ పౌరుడైన భారత సంతతివానికి భారత ప్రభుత్వమిచ్చు జీవితకాలపు ప్రవేశపత్రము. 2005లో పౌరసత్వ చట్టమును సవరించి దీనిని కల్పించిరి. మొదటి కార్డులను 2006 జనవరిలో హైదరాబాదు నగరమున జరిగిన ప్రవాసీ భారతీయ దివస్ సభలో ఇచ్చిరి. మన భాష పలుకు నగరములోనే అది జరిగెనని నాకు కొంత గర్వము. అంతకు పూర్వమున్న పి.ఐ.ఓ. కార్డును 2015 జనవరిలో దీనిలో కలిపివేసిరి. ఈ కార్డు పౌరసత్వము కాదు. ఓటు లేదు. మారిషస్ పాస్‌పోర్టు లేక ఈ కార్డుతో మాత్రమే ప్రయాణము సాగదు. వ్యవసాయ భూమియు, తోటల భూమియు కొనరాదు. చెరకు తోటలలో పుట్టి పెరిగిన మన పెద్దలు ఈ మాట విని నవ్విరి. "అక్కడ భూమి లేకే కదా ఇక్కడికి వచ్చినాం" అని ఒక తాత అనెను.

పూర్వపు నియమము ప్రకారము భారత పౌరుని, లేక 1950 జనవరి 26వ తేదీన పౌరుడగుటకు అర్హుడైనవాని బిడ్డలు, మనుమలు, మునిమనుమలు మాత్రమే ఈ కార్డుకు అర్హులు. మన ద్వీపమునకు మొదటి కూలీల ఓడ 1834 నవంబరులో వచ్చినది. మనలో అనేకులకు ఐదు, ఆరు తరములు గడచిపోయినవి. అందుచేత తాతకు దొరకిన కార్డు మనుమరాలికి దొరకకపోయెడిది. 2024 మార్చిలో భారత రాష్ట్రపతి శ్రీమతి ద్రౌపది ముర్ము గారు మన జాతీయ దినోత్సవమునకు వచ్చినప్పుడు, మారిషస్ వారికి ఏడవ తరము వరకు ఈ అర్హత కల్పించు ప్రత్యేక ఏర్పాటును ప్రకటించిరి. అది మొదలు మా భజన మందిరములో కాగితముల సంచులు కనబడుచున్నవి.

అసలు చిక్కు ఇచ్చటనే ఆరంభమగును. ఏడవ తరము అని నోటితో చెప్పినచో చాలదు. ఓడ దిగిన పూర్వీకుడు మొదలు నేటి దరఖాస్తుదారు వరకు ప్రతి తరమునకు జనన పత్రము, వివాహ పత్రము గొలుసువలె ఒకదానికొకటి తగిలియుండవలెను. ఒక్క కొక్కెము ఊడినను గొలుసు తెగును.

ఆ గొలుసునకు మొదటి కొక్కెము మోకాలోని మహాత్మాగాంధీ సంస్థలో ఉన్నది. 1970లో ఏర్పడిన ఆ సంస్థ భారతీయ వలసదారుల పాత రిజిస్టర్లను భద్రపరచుచున్నది. వచ్చిన ప్రతివానికి ఒక సంఖ్య, పేరు, తండ్రి పేరు, వయస్సు, ఎత్తు, శరీరముపై గుర్తులు, జిల్లా, గ్రామము, ఓడ పేరు, చేరిన ఎస్టేటు అందు వ్రాయబడియున్నవి. 1867 నాటి శాసనము తరువాత ఒప్పందము ముగిసిన కూలీలు ఫొటో గల టిక్కెట్టును వెంట నుంచుకొనవలసి వచ్చినది. ఆ టిక్కెట్టు లేక రోడ్డు మీద కనబడినచో పోలీసులు పట్టుకొనెడివారు. ఆనాడు మనవారిని బాధించిన ఆ ఫొటోయే నేడు మనుమలకు తాత ముఖమును చూపుచున్నది. ఆ పుట తెరచినప్పుడు కంటతడి పెట్టని వారిని నేను చూడలేదు.

అయితే అందు వ్రాసిన పేర్ల సంగతి చూడుడు. మన పెద్దలు తెలుగులో చెప్పిరి. గుమాస్తా తనకు వినబడినట్లు ఇంగ్లీషులో వ్రాసెను. తరువాత ఈ దీవిలో బిడ్డ పుట్టినప్పుడు ఫ్రెంచి చెవిగల మరియొక గుమాస్తా తన తీరున వ్రాసెను. అప్పన్న అను పేరు ఒకచోట రెండు 'పి'లతోను, ఒకచోట ఒక 'పి'తోను, మరియొకచోట చివర 'హెచ్'తోను ఉండును. ఇంటిపేరు ఎవ్వరును అడుగలేదు. తండ్రి పేరును బిడ్డకు ఇంటిపేరుగా అంటగట్టిరి. అందుచేత నేడు పాస్‌పోర్టులో 'సర్‌నేము' అని మనకున్నది మన ఇంటిపేరు కాదు, ఎవరో ఒక ముత్తాత సొంత పేరు. గోత్రము తెలియనివారు పూజకు వచ్చినచో కాశ్యప గోత్రమని చెప్పి సంకల్పము నడిపింతుము, దేవుడు సర్దుకొనును. కంప్యూటరు సర్దుకొనదు.

జిల్లాల పేర్లును అట్టివే. రిజిస్టరులో 'వైజాగపటం' అని ఉన్నచో అది నేటి విశాఖపట్టణము మాత్రమే కాదు. ఆనాటి జిల్లా మిక్కిలి పెద్దది. దానినుండి 1950లో శ్రీకాకుళము, 1979లో విజయనగరము ఏర్పడినవి. 2022లో అనకాపల్లి, అల్లూరి సీతారామరాజు, పార్వతీపురం మన్యం జిల్లాలు వచ్చినవి. 'గంజాం' అని ఉన్నచో అది 1936 నుండి ఒడిశా రాష్ట్రములో ఉన్నది. కావున ఫారములో రాష్ట్రము, జిల్లా అడిగిన గడిలో తొందరపడి వ్రాయరాదు.

తొందరపాటు వలన కలిగిన నష్టమును నేను స్వయముగా అనుభవించితిని. అది చెప్పక తప్పదు.

మా ఆలయమునకు నిత్యము వచ్చు ఒక అవ్వ కలదు. వయస్సు డెబ్బది ఆరు. యౌవనమంతయు చెరకు కోతలో గడపినది. సింహాద్రి అప్పన్న ఆమె ఇలవేల్పు. ఇచ్చట అప్పన్న పూజ చేయునప్పుడెల్ల పసుపు గుడ్డ కట్టిన చిన్న ముడుపు తెచ్చి చూపెడిది. అది ఆమె తాత తన తండ్రి పేర కట్టినదట. కొండకు చేర్చలేక పోయిరి. సింహాచలములో స్వామి సంవత్సరమంతయు చందనపు పూతలోనే ఉండును. వైశాఖ శుద్ధ తదియ, అనగా అక్షయ తృతీయ నాడు మాత్రమే ఆ చందనము తీసి నిజరూప దర్శనమిత్తురు. ఆ దినమున ముడుపు చెల్లించవలెనని అవ్వ కోరిక. మాఘమాసములో వచ్చి, "బాబూ, ఈ ఏడు కాకపోతే ఇంక నా కాళ్లు కొండెక్కవు" అనెను.

ఆనాడే ఈ-వీసాకు దరఖాస్తు చేయుమని చెప్పియుండవలసినది. నేను చెప్పలేదు. "అవ్వా, కార్డు తీసుకో. జన్మకంతటికీ ఒక్కటే. వీసా చుట్టానికి, కార్డు ఇంటి ఆడపడుచుకి" అని గొప్ప మాట చెప్పితిని. నా మాట నాకే మిక్కిలి నచ్చినది. ఆమె నమ్మినది.

మోకాకు పోయి వెదకించితిమి. ఆమె తాత తండ్రి, 1870 ప్రాంతముల వచ్చిన యువకుడు, సంఖ్యతో సహా దొరకెను. అవ్వ ఆ పుటకు నమస్కరించి, చాలాసేపు మాటలాడలేదు. తరువాత సివిల్ స్టేటస్ ఆఫీసులో మిగిలిన పత్రములు తీసికొంటిమి. ఫారము నేను నింపితిని. అపాయింట్‌మెంటు నేను తీసికొంటిని. ఆ దినమునకు తారాబలము కూడ చూచితిని.

బస్సులో పోయితిమి. అవ్వ పట్టుచీర కట్టుకొని, ముడుపు కూడ తెచ్చినది. కిటికీ వద్దనున్న ఉద్యోగి మర్యాదస్థుడు, కాగితములన్నియు ఓపికగా చూచెను. రిజిస్టరులో పూర్వీకుని పేరు ఒక విధముగాను, ఆయన కుమారుని జనన పత్రములో తండ్రి పేరు మరియొక విధముగాను ఉన్నది. ఇద్దరును ఒక్కరే అని కోర్టులో ప్రమాణపత్రము కావలెననెను. అవ్వ పుట్టినప్పటి పేరు వేరు, పాస్‌పోర్టులో పెండ్లి తరువాతి పేరు వేరు. రెంటిని కలుపు వివాహ పత్రమును నేను ఇంటనే మరచితిని. ఇంతియే కాదు, పాస్‌పోర్టు సంఖ్యలో సున్నకు బదులు 'ఓ' అక్షరము కొట్టియుంటిని. ఇవన్నియు నా తప్పులు. అన్నియు సరిదిద్దుకొని మరల రమ్మనెను. అటుపిమ్మట దొరకిన దినము అక్షయ తృతీయ దాటిన తరువాతనే.

తిరుగు బస్సులో అవ్వ నన్ను ఒక్క మాట అనలేదు. తిట్టియుండినచో నాకు సుఖముగా ఉండెడిది. ముడుపును ఒడిలో పెట్టుకొని కిటికీలోనుండి చెరకు తోటలను చూచుచుండెను. రోజ్ బెల్ దాటిన పిదప, "ముత్తాత మొఖం అయినా చూపించినావు కదా బాబూ" అనెను. ఆ రాత్రి నాకు అన్నము సహింపలేదు.

మరునాడు ఆమె మనుమరాలు, కాలేజీలో చదువు పిల్ల, నా వద్దకు వచ్చి, "తాతగారూ, కార్డు తరువాత చూద్దాం. ముందు ఈ-వీసా చేస్తాను" అనెను. మందిరములోనే కూర్చుండి ఫోనులో నింపసాగెను. నేను ప్రక్కన కూర్చుండి పాస్‌పోర్టులోని అక్షరములను ఒక్కొక్కటిగా చదివితిని. ఈసారి సున్నను సున్న అనియే చదివితిని. మధ్యలో శరీరముపై కనబడు గుర్తులేవి అని ఫారము అడిగినది. అవ్వ ఎడమచేతి మణికట్టు చూపెను. కోతకత్తి తగిలిన పాత మచ్చ. మోకాలోని రిజిస్టరులో కూడ ఇట్టి గడియే ఉండుటను నేను చూచియుంటిని. ఓడ ఎక్కినవానిని అడిగిన ప్రశ్ననే, నూట ఏబది ఏండ్ల తరువాత ఆ దేశమునకు మరలి పోవు మునిమనుమరాలిని అడుగుచున్నారు. ఈ మాట చెప్పగా అవ్వ నవ్వి, "ఆయన ఏ మచ్చ చూపించినాడో" అనెను.

మూడవ దినమున అనుమతి వచ్చెను. కుమారునితోను, మనుమరాలితోను అవ్వ ముంబయిలో దిగి, అచ్చటినుండి విశాఖపట్టణము పోయెను. సింహాచలములో ఆ దినమున జనసమ్మర్దము చెప్పనలవి కాదట. వరుసలో తెల్లవారుజామునుండి నిలిచి, మధ్యాహ్నమునకు దర్శనము పొందిరి. ముడుపు చెల్లెను. పూర్వీకుని గ్రామము మాత్రము దొరకలేదు. రిజిస్టరులోని ఇంగ్లీషు అక్షరములను చూచి అచ్చటివారు రెండు ఊళ్లు చెప్పిరట, ఒకటి శ్రీకాకుళము వైపు, ఒకటి విజయనగరము వైపు. రెండింటికిని పోవుటకు వ్యవధి లేకపోయెను. అవ్వ నాకు కొంచెము చందనము తెచ్చియిచ్చెను. పుచ్చుకొనునప్పుడు నా చేయి వణకెను.

తరువాత ప్రమాణపత్రము చేయించితిమి. వివాహ పత్రము జతపరచితిమి. రెండవ అపాయింట్‌మెంటులో కాగితములు స్వీకరించిరి. కార్డు ఇంకను రాలేదు. అట్టి దరఖాస్తులకు వారములు, ఒక్కొక్కప్పుడు నెలలు పట్టును. వచ్చినచో ఆ రెండు ఊళ్లకు పోదునని అవ్వ అనుచున్నది. కొండ ఎక్కలేనన్న కాళ్లు ఇప్పుడు బాగుగానే నడచుచున్నవి.

నా అనుభవము వలన తెలిసికొన్నవి కొన్ని వ్రాసెదను. పేరు పాస్‌పోర్టులో ఎట్లున్నదో ఫారములో అట్లే వ్రాయవలెను. మనకు సరియని తోచిన తెలుగు ఉచ్చారణ అక్కరలేదు. సర్‌నేము గడిలో సర్‌నేమే వ్రాయవలెను. తేదీలో దినము ముందా, నెల ముందా అని ఫారము మీదనే చూడవలెను. ఓ.సి.ఐ. ఫొటో చదరముగా రెండంగుళములుండవలెను, కళ్లద్దములు తీయవలెను. ఓ.సి.ఐ. ఫారము నింపునప్పుడు ఒక సంఖ్య వచ్చును. దానిని కాగితము మీద వ్రాసికొనవలెను. ఈ-మెయిలు అడిగినచోట కుమారునిదో, మనుమరాలిదో ఇచ్చుట తప్పు కాదు, కాని దళారిది ఇయ్యరాదు. దళారి చిరునామాకు జాబు పోయినచో మన దరఖాస్తు అతని చేతిలోనిదగును. అన్నింటికంటె ముఖ్యమైనది, ప్రయాణమునకు తేదీ ఉన్నవారు ఆ తేదీకి సరిపోవు వీసాను ముందు తీసికొనవలెను. కార్డు నిదానముగా తీసికొనవచ్చును. అపాయింట్‌మెంటు నాడు పోలేనివారు ముందుగా రద్దు చేసినచో ఆ గంట మరియొకనికి ఉపయోగపడును. మనలో ఈ అలవాటు తక్కువ.

నేడు విద్యాపత్రములనో, జనన పత్రములనో భారతదేశములో చూపవలసినవారు అపొస్టీలు అను ముద్ర వేయించుకొనవలెను. ఆ ఒప్పందములో మన దేశమును, 2005 నుండి భారతదేశమును ఉన్నవి గనుక, అట్టి ముద్ర మన ప్రభుత్వము వద్దనే దొరకును. దానికొరకు హై కమిషనుకు పోనక్కరలేదు.

ప్రతి నెల మొదటి ఆదివారమున అర్చన ముగిసిన తరువాత మందిరములో ఆ మనుమరాలును, ఆమె స్నేహితులిద్దరును కంప్యూటరుతో కూర్చుందురు. రుసుము లేదు. వచ్చువారు పాస్‌పోర్టు, తమ జనన పత్రము, తల్లిదండ్రుల జనన వివాహ పత్రములు, తాతల పత్రములు దొరకినంతవరకు తేవలెను. అసలు పత్రములతోపాటు నకళ్లు కూడ తేవలెను. అక్షరములు చదువుట నా పని కాదని పిల్లలు తీర్మానించిరి. నేను ప్రసాదము పంచెదను.